ఉద్యోగం తీసేస్తామంటున్నారా? ఛార్జ్ మెమో నుంచి హైకోర్టు దాకా ఆర్టికల్ 311ని ఎలా వాడుకోవాలి

గవర్నమెంట్ ఉద్యోగిని ఊరికే తీసేయొచ్చా, మా ఆఫీసర్ రేపట్నుంచి రావద్దంటున్నాడు అది చెల్లుతుందా, షోకాజ్ ఇచ్చారు తీసుకోవాలా వద్దా... ఈ మూడే తిప్పి తిప్పి అడుగుతున్నారు. ఒక్కొక్కరికీ విడివిడిగా చెప్పలేక అంతా ఒక్కచోట రాసేస్తున్నా, కొంచెం పెద్దదే, ఓపిగ్గా చదవండి.

థియరీ రెండు ముక్కల్లో చెప్పేస్తా. రాజ్యాంగంలో 310 ఏమంటుందంటే కేంద్ర ఉద్యోగి రాష్ట్రపతికి ఇష్టం ఉన్నంతకాలం, రాష్ట్ర ఉద్యోగి గవర్నర్‌కి ఇష్టం ఉన్నంతకాలం కొలువులో ఉంటారు అని. ఆ ఇష్టానికి పక్కనే 311 కంచె వేసింది. మిమ్మల్ని అపాయింట్ చేసిన అధికారి కన్నా కింది స్థాయి వాడు మిమ్మల్ని తీసేయకూడదు, ఇది మొదటిది. డిస్మిస్ చేయాలన్నా రిమూవ్ చేయాలన్నా హోదా తగ్గించాలన్నా ముందు ఆరోపణలేంటో చెప్పి, ఎంక్వైరీ పెట్టి, మీ మాట చెప్పుకోడానికి సరైన అవకాశం ఇవ్వాలి, ఇది రెండోది. అంతే.

చూడండి, తీసేయకూడదు అని అందులో ఎక్కడా లేదు, తీసేస్తే ఇలా తీసేయాలి అని ఉంది. "311 ఉంది కదా మనల్ని ఎవడు కదిలిస్తాడు" అనుకుని ఛార్జ్ మెమోకి (ఆరోపణలు రాసి జవాబు అడిగే కాగితం) జవాబు కూడా ఇవ్వకుండా కూర్చునేవాళ్లే ఎక్కువ దెబ్బతింటున్నారు. హైకోర్టు చూసేది ఎంక్వైరీ ఫైలు. అందులో మీ కాగితాలు లేకపోతే ఎంత పెద్ద లాయర్ని పెట్టుకున్నా ఆయన చదివి వినిపించడానికి ఏమీ ఉండదు.

ముందు ఇవి దగ్గర పెట్టుకోండి

- మొదట ఉద్యోగంలో చేరినప్పుడు ఇచ్చిన అపాయింట్‌మెంట్ ఆర్డర్, తర్వాత ప్రమోషన్ ఆర్డర్లు, రెగ్యులరైజేషన్ ఆర్డర్, ప్రొబేషన్ (ట్రయల్ కాలం) పూర్తయిందని డిక్లేర్ చేసిన ప్రొసీడింగ్స్
- సర్వీస్ రిజిస్టర్ జిరాక్స్ (కనీసం మొదటి పేజీలు, శిక్షలు ఎంట్రీ చేసే పేజీలు)
- ఇప్పటిదాకా వచ్చిన ప్రతి మెమో, అది మీ చేతికి ఏ తేదీన వచ్చిందో పక్కన రాసి, వీలైతే కవర్ కూడా
- మీకు వర్తించే రూల్స్ పుస్తకం. ఆంధ్ర ఉద్యోగులకి 1991 నాటి సివిల్ సర్వీసెస్ క్లాసిఫికేషన్ కంట్రోల్ అప్పీల్ రూల్స్, అందరూ సీసీఏ రూల్స్ అంటారు, తెలంగాణలో కూడా అవే అడాప్ట్ చేసుకుని నడుపుతున్నారు. కేంద్ర ఉద్యోగులకి 1965 నాటి సీసీఎస్ సీసీఏ రూల్స్, రైల్వే వాళ్లకి 1968 రూల్స్ వేరే
- ఒక లాంగ్ నోట్‌బుక్, తేదీల వారీగా ఏం జరిగిందో రాసుకోడానికి. ఫోన్లో రాసుకుంటాం అనకండి, ఫోన్ పోతుంది

1. అసలు 311 మీకు వర్తిస్తుందో లేదో చూసుకోండి

సగం మంది ఇక్కడే పొరబడతారు. జీతం గవర్నమెంట్ డబ్బులోంచి వస్తే చాలు 311 ఉన్నట్టే అనుకుంటారు, కాదు. కేంద్ర సివిల్ సర్వీసు, ఆలిండియా సర్వీసు, రాష్ట్ర సివిల్ సర్వీసు లేదా కేంద్రం కింద గానీ రాష్ట్రం కింద గానీ సివిల్ పోస్టు, వీటిలో ఉండాలి. రెవెన్యూ, పోలీస్, ట్రెజరీ, గవర్నమెంట్ స్కూల్ టీచర్లు, ఇలాంటివాళ్లకి వర్తిస్తుంది. పోస్టాఫీసుల్లో పనిచేసే గ్రామీణ డాక్ సేవకులు, అప్పట్లో ఎక్స్‌ట్రా డిపార్ట్‌మెంటల్ ఏజెంట్లు అనేవాళ్లు, వాళ్లది కూడా సివిల్ పోస్టే అని 1977లోనే సుప్రీంకోర్టు చెప్పింది, ఇది చాలామంది జీడీఎస్‌లకే తెలీదు.

వర్తించనిది ఎవరికంటే ప్రభుత్వ రంగ సంస్థలు, బ్యాంకులు, ఎల్ఐసీ, విద్యుత్ డిస్కంలు, యూనివర్సిటీలు. మిలిటరీ వాళ్లకి 310 ఉంది గానీ 311 లేదు. ఆర్టీసీ సంగతి కొంచెం మెలిక. ఆంధ్రలో 2020 జనవరి 1 నుంచి ఆర్టీసీ ఉద్యోగుల్ని ప్రజా రవాణా శాఖ కింద ప్రభుత్వ ఉద్యోగులుగా తీసుకున్నారు కాబట్టి అప్పట్నుంచి వాళ్ల లెక్క మారింది. అంతకుముందు జరిగిన కేసైతే కార్పొరేషన్ రెగ్యులేషన్సే.

311 లేదంటే ఇష్టమొచ్చినట్టు తీసేయొచ్చు అని కాదు, కంగారుపడకండి. 1990లో ఢిల్లీ ట్రాన్స్‌పోర్ట్ కార్పొరేషన్ కేసులో, కారణం చెప్పకుండా నోటీసో నోటీసు జీతమో ఇచ్చి పర్మనెంట్ ఉద్యోగిని పంపించేయొచ్చు అన్న రెగ్యులేషన్ని సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం కొట్టేసింది, ఆర్టికల్ 14 (సమానత్వ హక్కు) కిందే. కాబట్టి కార్పొరేషన్ల వాళ్లు 311 అని రాయకండి, 14 అనీ మీ రెగ్యులేషన్ ఫలానా అనీ రాయండి. పిటిషన్లో తప్పు ఆర్టికల్ పట్టుకుంటే అవతలి వాళ్ల లాయర్ మొదటి పది నిమిషాలు దానిమీదే గడిపేస్తాడు.

కాంట్రాక్ట్, ఔట్‌సోర్సింగ్ వాళ్లకి నిజం చెప్పాలంటే పరిస్థితి వీక్. కాంట్రాక్ట్ గడువు అయిపోయి రెన్యువల్ చేయకపోతే 311 పనిచేయదు. కానీ మధ్యలో "డబ్బు కాజేశాడు" లాంటి నింద వేసి పంపిస్తే కనీసం నోటీసిచ్చి వినాలి అని అడిగే హక్కు ఉంది, అది వదులుకోవద్దు.

2. వచ్చిన ఆర్డర్ ఏ రకమో గుర్తుపట్టండి

పైన హెడ్డింగ్ చూసి ఆగిపోకండి, చివరి పేరా చదవండి, ఏ రూల్ కింద ఇస్తున్నారో అక్కడే ఉంటుంది.

డిస్మిసల్, రిమూవల్ రెండూ ఉద్యోగం పోవడమే, తేడా ఏంటంటే డిస్మిస్ అయితే మామూలుగా మళ్లీ ప్రభుత్వ ఉద్యోగానికి పనికిరారు, రిమూవల్‌కి ఆ అడ్డు లేదు. రెండింటికీ 311 ఉంది. రివర్షన్, అంటే హోదా తగ్గింపు, శిక్షగా వేస్తే దానికీ ఉంది. సస్పెన్షన్‌కి లేదు, ఎందుకంటే అది శిక్ష కాదు, దాని సంగతి కింద చెప్తా. ఇంక్రిమెంట్ కోత, సెన్షూర్ (రాతపూర్వక మందలింపు) లాంటివాటికీ 311 లేదు గానీ సీసీఏ రూల్స్ ఉన్నాయి.

ప్రజాప్రయోజనం పేరుతో ముందే రిటైర్ చేయించడం 311 కిందికి రాదని కోర్టులు ఎప్పట్నుంచో చెప్తున్నాయి. అలాగే పదవీ విరమణ వయసు తగ్గించడం కూడా. మన దగ్గర 1983లో ఎన్టీఆర్ ప్రభుత్వం 58 నుంచి 55కి తగ్గించినప్పుడు ఎంతమంది ఒక్కసారిగా ఇంటికెళ్లారో పాతవాళ్లకి గుర్తుంటుంది, ఆ కేసు సుప్రీంకోర్టు దాకా వెళ్తే 1985లో ప్రభుత్వమే నెగ్గింది, అది శిక్ష కాదు పాలసీ అన్నారు.

ప్రొబేషన్లో ఉన్నవాళ్లు ఇక్కడ జాగ్రత్తగా చదవండి, సచివాలయాల్లో, పంచాయతీల్లో కొత్తగా చేరినవాళ్ల నుంచి ఈ ప్రశ్న ఎక్కువ వస్తోంది. ప్రొబేషనర్‌కి ఆ పోస్టు మీద హక్కు ఇంకా రాలేదు కాబట్టి "మీ ప్రొబేషన్ టెర్మినేట్ చేస్తున్నాం" అని ఒక్క లైన్లో పంపిస్తే మామూలుగా 311 అడ్డు రాదు. "పనితీరు సంతృప్తికరంగా లేదు" అని రాసినంత మాత్రాన కూడా మచ్చ వేసినట్టు కాదు. కానీ ఆ ఒక్క లైన్ వెనక అసలు కారణం ఒక తప్పుడు పని అయ్యుండి, దానిమీద ఎంక్వైరీ పెట్టకుండా ఆ మాట ఆర్డర్లో దాచేసి పంపించేస్తే అది శిక్షే, కోర్టు ముసుగు తీసి చూస్తుంది. హైదరాబాద్ నేషనల్ పోలీస్ అకాడమీలో ట్రైనింగ్‌లో ఉన్న ఒక ఐపీఎస్ ప్రొబేషనర్‌ని పొద్దున్నే ప్రాక్టీసుకి ఆలస్యం అయిన గొడవలో అలాగే సాఫీగా రాసిన ఆర్డర్‌తో పంపించేస్తే 1984లో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసి వెనక్కి తీసుకోమంది. కాబట్టి ప్రొబేషన్ వాళ్లు చేయాల్సింది, ఆర్డర్‌కి ముందు రెండు మూడు నెలల్లో మీకు వచ్చిన మెమోలు, మీమీద వచ్చిన ఫిర్యాదులు, ప్రిలిమినరీ ఎంక్వైరీ ఏదైనా జరిగితే ఆ కాగితాలు అన్నీ సమాచార హక్కు చట్టం కింద అడిగి తెచ్చుకోండి, ఆ ముసుగు తీయాలంటే ఇవే కావాలి.

3. సంతకం ఎవరిదో చూడండి

రెండు నిమిషాల పని, అయినా ఎవరూ చేయరు. అపాయింట్‌మెంట్ ఆర్డర్ తీయండి, అందులో సంతకం చేసిన హోదా ఏంటి? డిస్మిసల్ ఆర్డర్లో హోదా ఏంటి? కలెక్టర్ అపాయింట్ చేస్తే ఆర్డీవో తీసేయలేడు. సమాన హోదా అయితే ఫర్వాలేదు, అదే వ్యక్తి కానక్కర్లేదు. ప్రమోషన్ వచ్చినవాళ్లు ఇప్పటి పోస్టుకి అపాయింటింగ్ అథారిటీ ఎవరో కూడా చూసుకోండి.

ఇక్కడ జనం చేసే తప్పు, ఛార్జ్ మెమో కింది అధికారి ఇచ్చాడు కాబట్టి మొత్తం చెల్లదు అనుకోవడం. 311 ఆపేది తీసేసే ఆర్డర్‌నే. మెమో ఇవ్వడానికి, ఎంక్వైరీ చేయడానికి కింది అధికారి సరిపోతాడా లేదా అన్నది మీ సర్వీస్ రూల్స్ చూసి తేల్చుకోవాలి. కేంద్ర ఉద్యోగుల విషయంలో మాత్రం ఛార్జ్ మెమోకి డిసిప్లినరీ అథారిటీ (శిక్ష వేసే అధికారం ఉన్న అధికారి) స్వయంగా ఆమోదం ఇచ్చి ఉండాలని 2013లో గోపీనాథ్ కేసులో సుప్రీంకోర్టు గట్టిగా చెప్పింది, కాబట్టి ఆ నోట్ ఫైలు కాపీ ఆర్టీఐ (సమాచార హక్కు) కింద అడగడం మర్చిపోవద్దు.

4. మెమో తీసుకోండి, పారిపోవద్దు

"తీసుకోకపోతే సర్వ్ అవ్వదు కదా" అని లీవ్ పెట్టి ఊరెళ్లిపోయేవాళ్లు ఉన్నారు. రిజిస్టర్డ్ పోస్టులో పంపుతారు, తిరస్కరిస్తే ఇంటి తలుపుకి అతికిస్తారు, పేపర్లో వేస్తారు, తర్వాత ఎక్స్‌పార్టీగా, అంటే మీరు లేకుండానే, ఎంక్వైరీ జరిపి ఎంక్వైరీకి రాలేదు అని రాసేస్తారు. అక్కడితో మీ 311 మీరే తీసి పక్కన పెట్టినట్టు. తీసుకోండి, "అందింది" అని తేదీ వేసి సంతకం పెట్టండి. "ఒప్పుకుంటున్నాను" అని మాత్రం ఎవరు ఎంత బుజ్జగించినా రాయొద్దు. ఒప్పేసుకో చిన్న శిక్షతో వదిలేస్తాం అన్న నోటిమాటకి విలువ సున్నా, ఒప్పుకున్న కాగితం మాత్రం ఫైల్లో శాశ్వతం.

పెద్ద శిక్ష కోసం ఇచ్చే మెమోలో నాలుగు భాగాలు ఉండాలి: ఛార్జీలు, వాటి వివరణ, ఆధారంగా చూపించే డాక్యుమెంట్ల లిస్టు, సాక్షుల లిస్టు. ఏ తేదీన, ఎక్కడ, ఏం చేశారో స్పష్టంగా ఉందా? "విధుల్లో నిర్లక్ష్యం వహించారు" అని గాలి మాట రాసి వదిలేస్తే జవాబులో మొదటి పేరాలోనే "ఛార్జ్ అస్పష్టంగా ఉంది, తేదీలు వివరాలు ఇస్తే తప్ప సరైన జవాబు ఇవ్వలేను" అని పెట్టేయండి.

జవాబు గడువు మెమోలోనే ఉంటుంది, మామూలుగా 10 రోజులు. డాక్యుమెంట్లు ఇవ్వకుండా జవాబు అడిగితే ఆ గడువు లోపలే రెండు లెటర్లు పెట్టండి, ఒకటి డాక్యుమెంట్ల కాపీలు కావాలని ఒక్కోదానికి నంబర్ వేసి, రెండోది కాపీలు ఇచ్చాక ఇన్ని రోజులు టైమ్ కావాలని. వాళ్లు ఇవ్వకపోతే గడువు ఆఖరి రోజున "డాక్యుమెంట్లు ఇవ్వకపోయినా, నా హక్కులకి భంగం లేకుండా ఈ జవాబు ఇస్తున్నాను" అని ఒక పొట్టి జవాబు ఇచ్చేయండి, ప్రతి ఛార్జ్ కింద ఒప్పుకోవడం లేదు అని విడివిడిగా రాసి.

చెక్ చేసుకోవడం ఎలా: మీరు ఇచ్చిన ప్రతి లెటర్ రెండో కాపీ మీద ఇన్‌వర్డ్ నంబర్, తేదీ, స్టాంపు ఉందా? టపాల్ సెక్షన్లో తీసుకోనంటే అదే రోజు స్పీడ్ పోస్టులో పంపి రసీదు పిన్ చేయండి, ఆఫీస్ మెయిల్‌కి కూడా కొట్టండి. వాట్సాప్‌లో సార్‌కి పెట్టా, బ్లూ టిక్ వచ్చింది అనేది లెక్కలోకి రాదనుకోండి.

5. సస్పెన్షన్లో ఉంటే

సస్పెండ్ అయిన రోజునుంచి సబ్‌సిస్టెన్స్ అలవెన్స్ (బతకడానికి ఇచ్చే భత్యం) మీ హక్కు, సగం జీతం సెలవులో ఉంటే ఎంత వస్తుందో మొదట్లో అంత, దాని మీద డీఏ. దానికి ప్రతి నెలా "నేను వేరే ఉద్యోగం వ్యాపారం చేయట్లేదు" అని సర్టిఫికెట్ ఇవ్వాలి, అది ఇవ్వక అలవెన్స్ ఆగిపోయి, డబ్బుల్లేక ఎంక్వైరీకి కూడా వెళ్లలేకపోయామనేవాళ్లు ఉన్నారు. మీరు సర్టిఫికెట్ ఇచ్చినా వాళ్లు డబ్బు ఇవ్వకపోతే అది లిఖితంగా కంప్లైంట్ పెట్టండి, అలవెన్స్ ఇవ్వకుండా ఎక్స్‌పార్టీగా జరిపిన ఎంక్వైరీలు కోర్టుల్లో కొట్టుకుపోయాయి.

2015లో అజయ్ కుమార్ చౌధరి కేసులో సుప్రీంకోర్టు, మూడు నెలల్లో ఛార్జ్ షీట్ ఇవ్వకపోతే సస్పెన్షన్ ఆపైన సాగకూడదు, ఇస్తే మాత్రం పొడిగింపుకి కారణాలు రాసి ఆర్డర్ ఇవ్వాలి అంది. అయితే దానంతట అదే రద్దయిపోయింది అనుకుని సోమవారం పొద్దున్నే వెళ్లి అటెండెన్స్ రిజిస్టర్లో సంతకం పెట్టకండి, రివ్యూ చేసి రీఇన్‌స్టేట్ చేయండి అని రిప్రజెంటేషన్ పెట్టండి, కదలకపోతే అప్పుడు రిట్.

6. ఎంక్వైరీలో కూర్చునేటప్పుడు

కేసు గెలిచేదైనా పోయేదైనా ఈ గదిలోనే. కోర్టులు సాక్ష్యాన్ని మళ్లీ తూకం వేయవు, ఇది మన ఆంధ్ర కేసులోనే, 1963లో శ్రీరామారావు కేసులో సుప్రీంకోర్టు తేల్చేసింది: ఎంక్వైరీ పద్ధతిగా జరిగిందా, ఎంతోకొంత సాక్ష్యం ఉందా, అంతవరకే చూస్తాం అని. క్రిమినల్ కేసులోలాగా అనుమానానికి తావులేకుండా నిరూపించాలి అన్న రూల్ ఇక్కడ లేదు, ఇదే జరిగుంటుంది అనిపించేంత సాక్ష్యం చాలు.

మొదటి సిట్టింగ్‌కి ముందే డిఫెన్స్ అసిస్టెంట్ (మీ తరఫున మాట్లాడే సహాయకుడు) కావాలని లెటర్ ఇవ్వండి, మరో గవర్నమెంట్ ఉద్యోగిని పెట్టుకోవచ్చు. లాయర్ని మామూలుగా ఒప్పుకోరు, కానీ అవతలి ప్రెజెంటింగ్ ఆఫీసర్ (డిపార్ట్‌మెంట్ తరఫున కేసు నడిపే అధికారి) లా చదివినవాడైతే ఆ మాట రాసి మీకూ కావాలని అడగండి. డిఫెన్స్ అసిస్టెంట్‌గా మీకు బాగా దగ్గరివాణ్ని కాక, రూల్స్ పట్టుకుని మాట్లాడగలిగేవాణ్ని, వీలైతే ఇంతకుముందు ఇలాంటివి నడిపిన సీనియర్ని పెట్టుకోండి.

సాక్షుల్ని మీ ఎదురుగానే అడగాలి, మీకు క్రాస్ చేసే అవకాశం ఇవ్వాలి. ప్రిలిమినరీ ఎంక్వైరీలో మీ వెనకాల తీసుకున్న స్టేట్‌మెంట్లు ఫైల్లో పెట్టేసి "డాక్యుమెంట్ మార్క్ చేశాం కదా" అంటే ఒప్పుకోవద్దు. కాగితం చూపించడం వేరు, అది రాసినవాడు వచ్చి ఇది నేనే రాశా అని చెప్పి మీ ప్రశ్నలకి జవాబివ్వడం వేరు. ఎఫ్ఐఆర్, పోలీసులకి ఇచ్చిన వాంగ్మూలాలు ఫైల్లో ఉన్నంత మాత్రాన సాక్ష్యం కాదని 2009లో రూప్ సింగ్ నేగి కేసులో చెప్పారు, బ్యాంకు ఉద్యోగి కేసు అది, అయినా పాయింట్ అందరికీ పనికొస్తుంది.

ఎంక్వైరీ ఆఫీసరే ప్రెజెంటింగ్ ఆఫీసర్ పని చేస్తున్నాడా, అంటే తనే సాక్షిని నడిపిస్తూ మిమ్మల్ని క్రాస్ చేస్తున్నాడా? ఆ రోజు ప్రొసీడింగ్స్ షీట్ మీద సంతకం పెట్టే ముందు మీ అభ్యంతరం మీ చేత్తోనే రాయండి. రాయనివ్వకపోతే బయటికొచ్చి అదే రోజు లెటర్ పెట్టండి. మర్నాడు పెడితే ఆలోచించుకుని కల్పించారు అంటారు. తెలుగులో చెప్పిన వాంగ్మూలాన్ని ఇంగ్లీషులో టైప్ చేసి సంతకం పెట్టమంటారు, అర్థం కాకుండా పెట్టకండి, చదివించుకోండి.

అదే విషయంలో ఏసీబీ కేసో పోలీసు కేసో నడుస్తుంటే ఎంక్వైరీ ఆపమని అడగొచ్చా? అడగొచ్చు గానీ ఆపి తీరాలి అని రూల్ లేదు. రెండిట్లోనూ అవే వాస్తవాలు, అవే సాక్షులు, కేసు క్లిష్టమైంది అయితేనే కోర్టు స్టే ఇస్తుంది, అదీ ఎల్లకాలం కాదు. క్రిమినల్ కేసు కొట్టేస్తే ఉద్యోగం తిరిగొచ్చేసినట్టే అని కూడా అనుకోకండి, సంశయ లాభం (బెనిఫిట్ ఆఫ్ డౌట్) మీద బయటపడితే డిపార్ట్‌మెంట్ శిక్ష అలాగే నిలబడొచ్చు.

7. ఎంక్వైరీ రిపోర్టు కాపీ తీసుకోండి

రిపోర్టు మీకు ఇచ్చి, దానిమీద మీ మాట విన్న తర్వాతే ఛార్జ్ రుజువైందో లేదో డిసిప్లినరీ అథారిటీ తేల్చాలి. ఈ హక్కు స్థిరపడింది మన హైదరాబాద్ ఈసీఐఎల్ ఉద్యోగి కరుణాకర్ కేసులోనే, 1993, అయిదుగురు జడ్జీల బెంచ్. శిక్ష ఎంత వేయాలి అన్న దానిమీద మళ్లీ రెండో షోకాజ్ ఇవ్వాలన్న రూల్ మాత్రం 42వ సవరణలో, అంటే 1976లో తీసేశారు, పాత పుస్తకాలు చూసి రెండో షోకాజ్ రాలేదు అని పిటిషన్లో రాసేవాళ్లు ఇప్పటికీ కనిపిస్తున్నారు.

రిపోర్టులో ఛార్జ్ రుజువు కాలేదు అని ఉండి, పై అధికారి దాంతో ఏకీభవించకపోతే, ఎందుకు ఏకీభవించట్లేదో కారణాలు మీకు పంపి జవాబు తీసుకోవాలి. అలా కాకుండా డైరెక్టుగా తీసేశారా, గట్టి పాయింట్ దొరికినట్టే.

ఇంకో హెచ్చరిక, రిపోర్టు ఇవ్వలేదు అన్న ఒక్క మాటతో కేసు గెలవదు. ఇచ్చి ఉంటే మీరేం చెప్పేవారు, దాని వల్ల ఫలితం ఎలా మారేది అని చూపించాలి, కరుణాకర్ కేసులోనే ఆ మాట కూడా ఉంది, అందరూ మొదటి సగం మాత్రమే చదువుతారు.

8. ఎంక్వైరీ లేకుండా తీసేస్తే, ఏ క్లాజ్ వాడారో వెతకండి

311లోనే మూడు మినహాయింపులు ఉన్నాయి. 1985 తులసీరామ్ పటేల్ కేసులో సుప్రీంకోర్టు వీటిని బలంగా సమర్థించింది, కాబట్టి ఎంక్వైరీ లేదు అన్నంత మాత్రాన ఆర్డర్ పడిపోదు.

ఏ క్లాజ్: క్రిమినల్ కేసులో శిక్ష పడితే. అప్పీల్ వేశాను, బెయిల్ వచ్చింది, శిక్ష సస్పెండ్ అయింది అన్నా ఆగదు, కన్విక్షన్ ఉందంటే తీసేయొచ్చు. అయితే ఏ నేరానికైనా కళ్లు మూసుకుని డిస్మిస్ చేయకూడదు, ఆ ప్రవర్తన ఏంటో చూసి తగ్గ శిక్ష వేయాలి. పైకోర్టులో నిర్దోషి అని తేలితే ఆ రోజే తీర్పు కాపీ జతచేసి రీఇన్‌స్టేట్ చేయమని అడగండి.

బి క్లాజ్: ఎంక్వైరీ జరపడం సాధ్యపడదు అని కారణాలు కాగితం మీద రాసి తీసేయడం. పోలీసు శాఖలో ఎక్కువ వాడతారు. ఆ కారణాలు ఏంటో రాతలో ఉండాలి, "సాక్షులు భయపడొచ్చు" అని ఊహ రాస్తే చాలదు, అసలు సాక్షుల్ని పిలిచి చూశారా, ఎవరైనా బెదిరించినట్టు రికార్డు ఉందా అని కోర్టు అడుగుతుంది. అధికారి నిర్ణయమే ఫైనల్ అని 311(3) అంటుంది గానీ కోర్టు ఆ కారణాల్ని పరిశీలిస్తుంది, తులసీరామ్ కేసులోనే చెప్పారు. మూడింటిలో ఎక్కువగా ఎదురుతిరిగి గెలిచేది ఇదే.

సి క్లాజ్: రాజ్య భద్రత దృష్ట్యా ఎంక్వైరీ పనికిరాదని రాష్ట్రపతో గవర్నరో సంతృప్తి చెందితే. దీన్ని కదిలించడం కష్టం, నేరుగా మంచి సర్వీస్ లాయర్ దగ్గరికి వెళ్లండి.

ఈ మూడూ కాకుండా "డ్యూటీకి రాలేదు కాబట్టి ఉద్యోగం దానంతట అదే పోయింది" అనేది నాలుగోదిగా కనిపిస్తుంది, అది రాజ్యాంగంలో లేదు. 2019 అక్టోబర్‌లో తెలంగాణ ఆర్టీసీ సమ్మెలో "సెల్ఫ్ డిస్మిస్" అన్న మాట రాష్ట్రమంతా మోగింది కదా, వాళ్లు కార్పొరేషన్ ఉద్యోగులు కాబట్టి 311 చర్చే రాలేదు, చివరికి నవంబర్‌లో తిరిగి డ్యూటీలోకి తీసుకున్నారు అది వేరే కథ. సివిల్ పోస్టులో ఉన్నవాళ్ల విషయంలో మాత్రం సెలవు దాటి రాకపోతే ఆటోమేటిగ్గా ఉద్యోగం పోతుందన్న రెగ్యులేషన్ ఉన్నా సరే అవకాశం ఇవ్వకుండా తీసేయడం 311కి విరుద్ధం అని 1966లోనే జైశంకర్ కేసులో చెప్పేశారు. అలాగని నెలల తరబడి కాగితం పెట్టకుండా ఇంట్లో కూర్చోకండి. రాలేకపోయిన కారణం నిజమైనదైతే హాస్పిటల్ కాగితాలు, మీరు పంపిన లీవ్ లెటర్ల రసీదులు పెట్టుకోండి, గైర్హాజరు కావాలని చేసిందా కాదా అనేది ఎంక్వైరీలో తేల్చాలని 2012లో ఇంకో తీర్పు ఉంది.

నోటితో "రావద్దు" అంటే? అదేం ఆర్డర్ కాదు. రోజూ వెళ్లండి, సంతకం పెట్టనివ్వకపోతే ఆ రోజే "డ్యూటీకి వచ్చాను, అనుమతించలేదు" అని లెటర్, స్పీడ్ పోస్ట్. ఇంట్లో ఉండిపోయారా, గైర్హాజరు కేసు మీ మీదే తయారవుతుంది.

9. అప్పీల్

తీసేసిన ఆర్డర్ చేతికి వచ్చాక తేదీ లెక్క మొదలు. రాష్ట్ర సీసీఏ రూల్స్‌లో అప్పీల్‌కి మూడు నెలలు, కేంద్ర ఉద్యోగులకి 45 రోజులు. ఆర్డర్ ఇచ్చింది గవర్నరో ప్రభుత్వమో అయితే అప్పీల్ ఉండదు, రివ్యూ చూసుకోవాలి. అప్పీల్లో "నేను పేదవాణ్ని, పిల్లలున్నారు, కనికరించండి" అని మూడు పేజీలు రాసి అసలు పాయింట్లు ఒక పేరాలో పెడతారు, తిరగేయండి. ముందు తప్పులు నంబర్లు వేసి: సంతకం చేసిన అథారిటీ తప్పు, డాక్యుమెంట్లు ఇవ్వలేదు, ఫలానా సాక్షిని క్రాస్ చేయనివ్వలేదు, రిపోర్టు ఇవ్వలేదు, ఆర్డర్లో నా జవాబుకి ఒక్క కారణం కూడా రాయలేదు. చివర్లో శిక్ష తప్పుకి మించి ఉంది అని. ఇక్కడ వదిలేసిన పాయింట్ కోర్టులో మొదటిసారి ఎత్తితే "అప్పుడెందుకు అడగలేదు" అంటారు.

10. కోర్టు

రాష్ట్ర ఉద్యోగులకి ఒకప్పుడు అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ ఉండేది, ఇప్పుడు రెండు రాష్ట్రాల్లోనూ లేదు, కాబట్టి తెలంగాణ వాళ్లు హైదరాబాద్‌లో, ఆంధ్ర వాళ్లు అమరావతిలో నేరుగా హైకోర్టులో ఆర్టికల్ 226 కింద రిట్ వేయాలి. కేంద్ర ఉద్యోగులు నేరుగా హైకోర్టుకి వెళ్లకూడదు, ముందు క్యాట్ (సెంట్రల్ అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్), హైదరాబాద్‌లో బెంచ్ ఉంది, అక్కడ ఓడితే హైకోర్టు. క్యాట్‌కి గడువు ఏడాది, అప్పీల్ వేసి ఆరు నెలలైనా తేల్చకపోతే అక్కడ్నుంచి ఏడాది. హైకోర్టు రిట్‌కి ఇంతని గడువు రాసి లేదు, కానీ రెండేళ్లు ఊరుకుని వెళ్తే ఇన్నాళ్లు ఏం చేశారు అన్నదే మొదటి ప్రశ్న. రిప్రజెంటేషన్ మీద రిప్రజెంటేషన్ పెట్టుకుంటూ పోతే గడువు పెరుగుతుందన్నది భ్రమ, పెరగదు.

లాయర్ దగ్గరికి కథ చెప్పడానికి వెళ్లకండి, తేదీల పట్టిక పట్టుకెళ్లండి. ఒక పేజీ, ఎడమ తేదీ, కుడి ఏం జరిగింది, దాని కాగితం నంబర్. ఆయన మీకు అరగంటే ఇస్తాడు.

11. గెలిచాక చూసుకోవాల్సింది

తీర్పు ఆపరేటివ్ పేరా జాగ్రత్తగా చదవండి. ఎంక్వైరీలో లోపం ఉందని కొట్టేస్తే చాలాసార్లు "ఆ లోపం జరిగిన దశ నుంచి మళ్లీ ఎంక్వైరీ చేసుకోవచ్చు" అని కూడా ఉంటుంది, అప్పుడు డిపార్ట్‌మెంట్ మిమ్మల్ని తీసుకున్నట్టే తీసుకుని సస్పెన్షన్లో పెట్టి మళ్లీ మొదలెడుతుంది, గెలిచాం కదా అని కాగితాలు అటకెక్కించకండి.

తీర్పు సర్టిఫైడ్ కాపీతో జాయినింగ్ రిపోర్ట్ ఇచ్చి అక్నాలెడ్జ్‌మెంట్ తీసుకోండి. వెనక జీతం అడిగారా, పిటిషన్లోనే అడిగి ఉండాలి. మధ్యలో వేరే ఉద్యోగం చేయలేదు అని అఫిడవిట్‌లో రాయాలి, 2013లో దీపాలి సుర్వసే కేసులో చెప్పినట్టు తప్పుగా తీసేస్తే వెనక జీతం మామూలు రూల్, కానీ ఖాళీగా ఉన్నానని ముందు మీరు చెప్పాలి. తీసేసిన కాలాన్ని డ్యూటీగా లెక్కిస్తారా లేదా అన్నది ఫండమెంటల్ రూల్ 54, 54ఏ కింద, సస్పెన్షన్ కాలం 54బి కింద విడిగా ఆర్డర్ ఇవ్వాలి. ఆ ఆర్డర్ వచ్చాక సర్వీస్ రిజిస్టర్ తెప్పించుకుని ఎంట్రీ పడిందో లేదో, పాత డిస్మిసల్ ఎంట్రీ పక్కన రద్దయినట్టు ఎర్ర ఇంకుతో రాసి డీడీవో (జీతాల బిల్లులు పెట్టే అధికారి) సంతకం ఉందో లేదో మీ కళ్లతో చూసుకుని జిరాక్స్ తీసుకోండి, ఇది వదిలేసినవాళ్లకి రిటైరయ్యే రోజు పెన్షన్ ఫైల్ మీద ఏజీ (అకౌంటెంట్ జనరల్) ఆఫీస్ నుంచి కొర్రీ వస్తుంది.